మిల్లు శ్రుతి

దిమోనాలో నూలు మిల్లు నడిచినన్నాళ్లూ
ఊరంతా ఒకే శ్రుతిలో ఉండేది.
పుచ్చకాయల బండివాడి కేక, బడి గంట,
ఎడారి మీద ఎగిరే విమానం మోత
అన్నీ దానికి కాస్త పైనో కాస్త కిందో పలికేవి.
ఎవరికీ తెలీదు.
మిల్లు మూసేసిన మర్నాడు పొద్దున్నే
మా అమ్మ రెండు చెవులూ తడుముకుంది
చెవుడొచ్చిందనుకుని.

అవిషగ్ అప్పటికి కడుపులో ఉంది.
వాళ్లమ్మ సోలీకా బుస్కీలా
మూడో షెడ్డులో తెగిన దారాలు ముడేసే మనిషి.
ఏడో నెల దాకా ఆ మోతలోనే నిలబడింది.

నేను బీర్షెబాలో పెళ్లిళ్ల హాలు కీబోర్డువాణ్ణి.
పదహారేళ్ల పిల్ల, అక్క జోళ్లలో
కాగితం కుక్కుకుని వచ్చింది.
ఏ శ్రుతి అన్నాను.
చెప్పలేదు. నోరు మూసుకుని, ముక్కులోంచి పలికింది.
మెట్లన్నీ వెతికాను.
మంద్రంలో బి ఫ్లాట్, అదీ వెంట్రుకవాసి కిందికి జారింది.
నా వాద్యంలో ఆ మెట్టే సగం విరిగి ఉంది.
అగ్గిపుల్ల దూర్చి నొక్కిపెట్టాను.
ఆరేళ్లు, ఎన్ని వందల పెళ్లిళ్లో,
ఆ పుల్ల అక్కడే ఉంది.

తర్వాత టీవీ వాళ్లొచ్చారు. తెల్లటి స్టూడియో, తెల్లటి సోఫా,
టెల్ అవీవ్‌లో కాఫీ ఖరీదు చూసి
ఫోన్ చేసి నవ్వింది.
పళ్లు సరిచేశారు. జుట్టు రంగు మార్చారు.
బుస్కీలా నోరు తిరగదట, తీసేశారు.
అవిషగ్ కూడా బరువేనట, అవి అంటే చాలట.
అన్నిటికీ తలూపింది.
పాట అడుగున ఈ రొదేంటి, చెరిపేయండి అన్నప్పుడు మాత్రం
కుర్చీలోంచి లేచిందట.
పళ్లిచ్చాను, పేరిచ్చాను, అవి నావి.
ఇది నాది కాదు ఇవ్వడానికి.

సరే పడుండనీ, ఎవరికి వినబడుతుంది
అనుకున్నారు వాళ్లు.

ఫైనల్ రోజు
వృద్ధుల క్లబ్బులో తెర కట్టి
స్పీకర్లు కలపడానికి నన్ను పిలిచారు.
ప్లాస్టిక్ కుర్చీలు, పొద్దుతిరుగుడు గింజలు,
మూడు వరసల మిల్లు ముసలమ్మలు.
తెర మీద రాత్రయినా చీకటి పడని ఉత్తరాది నగరం.
హాలు బయట జెండాలు, లోపల జెండాలు.
ఆ ఈలల్లో మెచ్చుకోలేదో కోపమేదో
ఇంత దూరం నుంచి నాకు తెలియలేదు.
ఆమెకు తెలిసే ఉంటుంది.
గడ్డం ఒక్కసారి వణికింది,
కెమెరా వెంటనే మంటల మీదికి తిరిగింది.

మూడు నిమిషాలే. అదీ రూలు.
ముందు ఏమీ లేదు, పొగ, నీలం దీపం.
ఆ తర్వాత నేలలోంచి
నేను పెద్ద స్పీకరు గోడకి ఆనించి పెట్టానేమో
గోడలోంచి, కుర్చీ కాళ్లలోంచి
వచ్చింది.

పాట మొదలైందని వాళ్లెవరూ అనుకోలేదు.
గింజలు కొరకడం ఆగిపోయింది.
ఎనభై తొమ్మిదేళ్ల ఫోర్టునా లేచి
భుజాన ఉన్న రుమాలు తలకి బిగించి
షిఫ్టు మారింది, పదండి, అంది.
ఎవరూ నవ్వలేదు.
ముందు వరసలో సోలీకా కూతుర్ని చూడట్లేదు.
కళ్లు మూసుకుంది.
ఒళ్లో వేళ్లు మాత్రం
బొటనవేలి మీద చూపుడువేలు తిప్పి, లాగి, వదిలి,
మళ్లీ తిప్పి,
తెగినదేదో ముడేస్తున్నాయి.

పదకొండో స్థానం వచ్చింది.
ఆ సంగతి మర్నాడు పేపర్లో చూసుకున్నారు చాలామంది.
ఆ రాత్రి ఓట్ల లెక్క తేలకముందే
ఎవరో బొమ్మ ఆపేశారు.
నేను స్పీకరు తీగ పీకబోయాను.
ఉండనీ, అన్నారు.
ఇది పాట కాదమ్మా, ఉత్త కరెంటు గుర్రు,
శ్రుతి కూడా కలవదు, అన్నాను.
ఉండనీ.

పదకొండున్నర అయింది. కుర్చీలు సర్దాలి.
ఫోర్టునా రుమాలు విప్పలేదు, కదలలేదు.
సైరన్ కూయాలి కదా, అంది,
ఇంటికెళ్లాలంటే.