ట్రిప్ షీటు వెనక

పాలమూరు డిపోల టైం కీపర్ ఫసియుద్దీన్ సాబ్
బస్సు ఎప్పుడు పోయిందో ముందు దిక్కు రాసేటోడు,
సినిమా ఎట్ల పోయిందో వెనక దిక్కు.
రాసేది తెలుగే గానీ
ఉర్దూకు అలవాటైన చెయ్యి,
అక్షరాలు ఎడమకు ఒరిగి నడిచేటివి.

శుక్కురారం సెకండ్ షో చూసి
తెల్లారి నాలుగున్నరకు
నా నారాయణపేట బస్సుల, డ్రైవర్ సీటు వెనక రేకు మీద
మైదాపిండితోని అతికిచ్చేది.
నేను కండక్టర్ను. టికెట్లు కొట్టినంక చదివి వినిపిచ్చేది.
దేవరకద్ర దాటేసరికి బస్సంత
చూడని సినిమా మీద కొట్లాట.
మరికల్ల దిగే గంపల ముసలమ్మ
"సాబ్ ఏమంటడు బిడ్డా, పైసలు దండుగేనా?" అనేది.
ఆమె జన్మల టాకీసు మొఖం చూడలే.

"మంచిగుంది" అని ఎన్నడు రాయలే. "చెత్త" అని కూడ.
"పదకొండో నిమిషంల అక్క చెంబు కింద పెట్టింది,
చప్పుడు రాలే. ఆడికెంచి నాకు నమ్మకం పోయింది."
ఇట్లుండేది.

ఒకపారి గ్రంథాలయంల ఫిలిం సొసైటోళ్లు
స్పెయిన్ దేశపు బొమ్మ ఏసిండ్రు.
దుప్పటి పొట్టిదైంది. కింద ఇంగ్లీషు అక్షరాలు
గోడ సున్నంల కలిసిపోయినయి.
పదారుమందిమి పోతే ఆఖరుకు ముగ్గురం మిగిల్నం,
మూడోటోడు వాచ్‌మన్, నిద్రల.
నాకు తలకాయ నొచ్చింది. సాబ్ రాసిండు:
"ఆ దేశంల రొట్టెను రొమ్ముకానించి కత్తితో కోస్తరు.
ఆకలైన పిల్లగాడు మాత్రం చేత్తోనే తుంచిండు,
మక్తల్ల తుంచినట్టు."
ఆ వారం ఎవ్వరు కొట్లాడలే.
గంపల ముసలమ్మ రెండుసార్లు చదివిచ్చుకుంది.

వలస కూలీల మీద పెద్ద సినిమా వచ్చినప్పుడు
మన జిల్లా కథ అని ఊరూర డప్పు కొట్టిచ్చిండ్రు.
సాబ్‌ది ఒక్కటే వాక్యం:
"తట్ట మోసిన హీరో మెడ నున్నగ ఉంది."
బొంబాయికెంచి దిగిన మేస్త్రీలు ఆ కాయితం చూసి
బస్టాండ్లనే ఒకరి మెడ ఒకరు తడిమి చూసుకున్నరు, నవ్వుకుంట.
నాలుగో దినం బొమ్మ ఎత్తేసిండ్రు.
పదో దినం సాబ్‌కు అచ్చంపేట బదిలీ.
టాకీసు సేటుకు, డిపో మేనేజరుకు ఏం మాటలైనయో
నాకెర్కలేదు. ఎర్కున్నా చెప్ప.

ఆ రూటు నాకు ఎన్నడు పడలే.
షుగరొచ్చి కండ్లు పోయినయని ఇన్న.
బిడ్డను పక్కన కూసోపెట్టుకొని
టీవీల సినిమాలు చెవులతోని చూసేటోడంట,
"ఆ తలుపు టేకుది కాదు, రేకుది" అని జగడమాడుకుంట.

ఇప్పుడా టాకీసు ఫంక్షన్ హాలు.
మొన్న వియ్యంకుని ఇంటోళ్ల పెండ్లికి పోయిన.
తెర ఉన్న జాగల ఇంకో తెర,
పెండ్లిపిల్లను నాలుగు దిక్కులకెంచి చూపెడుతున్నది.
ఓ మూలకు, కెమెరా చెయ్యి జారి, పిల్ల మేనత్త
చెప్పు ఇడిసి అరికాలు పిసుక్కుంటున్నది.
పొద్దుగాలకెంచి నిలవడ్డ కాలు.
నా చెయ్యి జేబుల ట్రిప్ షీటు దేవులాడింది.
భోజనాల టోకెన్ దొరికింది. వెనక ఖాళే.
గడియారం చూసిన. రాసిన:
"ఒంటిగంట పది."