మూడో నిమిషంలో గోడ

వూచ్ అంటే మా భాషలో పడవ.
ఊళ్ళో మాత్రం నది కనబడదు.
ఉన్న ఏరులన్నిటినీ ఎప్పుడో గొట్టాల్లోకి దించి
పైన రోడ్డు పోశారు.
ట్రామ్ ఆగిన క్షణంలో
కాళ్ళ కింద ఏదో పారుతున్నట్టుంటుంది నాకు.
వృత్తి రోగమేమో.

నేను పాటలు కడిగేవాణ్ణి.
పాత టేపుల బూజు దులిపి, గరగర ఏరేసి,
బక్కచిక్కిన వాటికి కాస్త ఒళ్ళు చేయించి
కొత్త డిస్కులకు అప్పగిస్తాను.
నా పేరు చివరి పేజీలో
చీమ తలకాయంత అక్షరాల్లో ఉంటుంది.

నవంబరులో హల్ష్కా వచ్చింది,
పది అడుగులు వెనకగా టిమోన్.
అరటిపళ్ళ అట్టపెట్టెలో ఇరవై ఆరేళ్ళు:
క్యాసెట్లు, రీళ్ళు, మూత ఊడిన హార్డ్ డిస్కు,
ఎవరిదో ఒంటి చేతితొడుగు.
"రెండు డిస్కులు, ముప్ఫై పాటలు" అందామె.
"ఇరవై తొమ్మిది" అన్నాడతను.
ఆ ఒక్క పాట మీద వారం గడిచింది.
ఒకరికి చెప్పాల్సింది మరొకరు
నాకు చెప్పారు.

తొలి పాటల్లో డ్రమ్ మెషిన్ ఒక్కటే,
అదీ అరువుది.
ఒక మీట పనిచేయదు.
అందుకే ఆనాటి పాటలన్నీ
నాలుగడుగులకోసారి కుంటుతాయి.
జనం దాన్ని శైలి అన్నారు.

మధ్య ఏళ్ళలో డబ్బు వినిపిస్తుంది.
బెర్లిన్ స్టూడియో, మెత్తటి బేస్,
ఎవరో జీతానికి వాయించిన వయోలిన్లు.
తర్వాత నాలుగేళ్ళు ఏమీ లేదు.
నేనడగలేదు.
ఆఖరి పాటలు వేర్వేరు ఊళ్ళలో కట్టినవి.
వాళ్ళు చెప్పలేదు గానీ,
ఆమె గొంతున్న గదీ అతని మీటలున్న గదీ
ఒకటి కాదని చెవికి తెలుస్తుంది.

మొట్టమొదటి పాట దగ్గర కష్టపడ్డాను.
నాలుగో అంతస్తు ఫ్లాటు, ఒకే మైకు.
మూడో నిమిషం నుంచి
గొంతు వెనకాల మొద్దు దెబ్బలు, ఏడు.
ఒక్కోటీ పట్టుకుని
బియ్యంలో రాళ్ళు ఏరినట్టు ఏరేశాను.
నా పని చూసుకుని నేనే మురిశాను.

మర్నాడు ఏడు కొట్టకముందే తలుపు.
ఇద్దరూ ఒకే ట్రాములో వచ్చారు.
టిమోన్ టోపీ కూడా తియ్యలేదు.
"గోడ ఏది?" అన్నాడు.

పక్క ఫ్లాటులో పెలాగియా అని ఉండేదట.
మిల్లులో ముప్ఫై ఒక్క ఏళ్ళు,
చెవులు రెండూ మగ్గాల హోరుకే పోయాయి.
ఆ రాత్రి ఆమె గోడ బాదుతుంటే
వీళ్ళు తిడుతోందనుకున్నారు.
గసగసాల కేకు ముక్కతో
టిమోన్ క్షమాపణకు వెళ్ళాడు.
ఆమె తలుపు తీసింది. అరచెయ్యి కందిపోయి ఉంది.
"ఎందుకాపారు?" అని గట్టిగా అరిచింది,
తన గొంతు తనకు వినబడదు కదా.
"మీ మగ్గం ఒక దెబ్బ మింగేస్తోంది.
పూరిద్దామని కొడుతున్నా."

హల్ష్కా కిటికీ వైపు తిరిగింది.
నేను పాత ఫైలు తెరిచి
దెబ్బలు ఎక్కడ పడుతున్నాయో చూశాను.
పనిచేయని ఆ మీట చోటునే.
ఏడూ.
ఒక వెంట్రుకవాసి ఆలస్యంగా,
గోడ మందమంత.

ఏరిన రాళ్ళన్నీ తిరిగి పోశాను.
చివరి పేజీలో నా పేరుకు పైన
అదే చీమ అక్షరాల్లో ఇంకో వరుస చేరింది:
గోడ: పెలాగియా.
ఆమె ఇంటిపేరు ఇద్దరికీ గుర్తు రాలేదు.
పాత తలుపు మీది రేకు రంగు దగ్గర నుంచి
ఇద్దరూ కాసేపు వాదించుకున్నారు,
ఈసారి నాతో కాదు.

ముప్ఫయ్యో పాట సంగతి ఇంకా తేలలేదు.
ప్రెస్సుకు పంపాల్సింది గురువారం.