జానయ్య గిలాస

బస్సుల సప్పుడు గావొద్దని
గోలీల డబ్బాల దూది కుక్కిన.
నల్లగొండ పెద్దదవాఖాన నుంచి
మిర్యాలగూడల దిగేదాక ఒళ్లెనే వెట్టుకున్న.

రైసుమిల్లు ఎనక సందుల
ఊకపొయ్యి ముంగట మట్టపల్లి.
అరవై దగ్గరికొచ్చినై. నన్ను జూస్తే
"గదే నడక" అంటడు.

చిన్నాయన జానయ్యకు టీబీ అన్నరు మా ఇంట్ల.
సాప కాలవెట్టిన్రు, అంగీలు, దుప్పటి.
స్టీలు గిలాస కాలదు గద,
పెంటకుప్ప మీద ఇసిరేసిన్రు.
దినాలనాడు ఎవరో దోస్తంట,
బంతిల కూసోకుండ
కుప్పంత దేవులాడిండని
నాయనమ్మ చెప్తుంటె
నవ్వేటోళ్లం.

ఇయ్యాల అదే గిలాసల నీళ్లిచ్చిండు.
అంచు కింద చుక్కల అక్షరాలు,
'జా' సగం అరిగింది
ఎవరి బొటనేలుకో.

"ఇర్ఫాన్‌కు చెప్పినవా?"
"చెప్పిన."
"ఏమన్నడు?"
"అన్నం దిన్నవా అన్నడు."

మట్టపల్లి శానసేపు పొయ్యిల ఊక పోసుకుంట కూసున్నడు.
"గీ గోలీలు గప్పుడుంటె..." అని
ఆపి,
నా డబ్బా అందుకొని
దూది గుంజి పొయ్యిలేసిండు.
చెవు కాడ వెట్టుకొని ఊపిండు,
చంటిపిల్లల గిలక ఊపినట్టు.

"ఈడ మోగనియ్యి,
ఈ ఇంట్ల ఎవలున్నరని."