ఇరవై మూడో గడి

రోజుకి నాలుగు వందలు నా కూలి,
గడులు నింపే కూలి.
గుణుపురంలో బస్సెక్కి, పుట్టాసింగి దాటి దిగి,
చెప్పులు చేతబట్టుకుని రెండు గెడ్డలు దాటి
సవర బుధబారి గుమ్మంలో కూర్చున్నాను.

ఇంట్లో తెలుగు, బళ్ళో ఒడియా, ఫారం మీద ఇంగ్లీషు.
ఆమె మాటలో నాకొచ్చినవి ఇరవై ముక్కలు,
సగం సంత బేరానివి.
మిగతాది మనవడు బిజయ్ అందించాలి.

మొదటి గడి: మొక్క పేరు.
ఫోను తీసి తీగ ఆకుకి చూపించేను.
అది కాసేపు గిరగిర తిరిగి
విషం, తినరాదు, అంది.
బుధబారి తలూపింది.
"నిజమే చెప్పింది పాపం.
దాని తరవాత మూడు రాత్రులుంది, అదీ అడుగు."

ఫోనుకి తెలీదు. ఆమెనే అడిగేను.

దుంపని రేకులుగా కొయ్యాలి,
దీపం అవతల పెడితే వెలుగు ఇవతలికి రావాలి, అంత పల్చన.
బూడిదతో ఉడకబెట్టి ఒక రాత్రి.
వెదురుబుట్టలో వేసి గెడ్డలో ఒక రాత్రి,
పారే నీళ్ళే కావాలి,
నిలవనీళ్ళు చేదుని తీసుకోవు, దాస్తాయి.
మూడో రాత్రి మనం చేసేదేం లేదు.
ఎండ్రకాయ రావాలి.
బుట్ట సందులోంచి అది ఒక ముక్క లాక్కుపోయిందంటే
పిల్లలకి పెట్టొచ్చు.

జ్ఞానం కలవారి పేరు, అని ఒక గడి.
అమ్మ చెప్పిందా, అత్త చెప్పిందా అంటే
ఆమె గెడ్డకేసి చూసింది.
ఎండ్రకాయకి ఆధార్ లేదు సార్, అని బిజయ్ నవ్వేడు.
బుధబారి, వయసు సుమారు డెబ్భై, అని రాసేను.
ఆ "సుమారు" ఒక్కటే
నేను తెలిసి రాసిన మాట.

ఇరవై మూడు: నేటి కాలంలో విలువ, రూపాయల్లో.

దానికి ఆమె పలకలేదు. గునపం తీసుకుని కొండెక్కింది.
వెనకాల నేను, ఫారం చంకలో.
నడుం లోతు తవ్వి దుంపని కోసింది,
తలకాయని మాత్రం తీగతోనే గోతిలో వదిలి
మట్టి కప్పి, మడమతో రెండుసార్లు తొక్కింది,
పసిదాన్ని జోకొట్టినట్టు.
రాసుకోమనలేదు. చూసేనో లేదో కూడా చూడలేదు.

దిగుతూ దిగుతూ అడిగింది, ఎవరి పిల్లాడివి?
సంతవీధి పారినాయుడు మనవణ్ణి అన్నాను.
ఆగింది.
ఈసారి బిజయ్ చేత చెప్పించలేదు, తెలుగులోనే అంది:
"మీ తాత మా చింతపండు కాటాకెత్తి
ఉప్పు కుంచంతో కొలిచేవోడు.
కుంచం అడుగున లక్క పోసుండేది. ఇంత."
నాలుగు వేళ్ళు చూపించింది. గోళ్ళ నిండా మట్టి.

తెలిసీ తీసుకున్నారా?

"ఉప్పు మా కొండ మీద పండదు కదా."
నాలుగడుగులు వేసి, వెనక్కి తిరక్కుండా,
"లక్క మాదే" అంది.

తరం నుంచి తరానికి నోటిమాటగా వచ్చింది,
ఎక్కడా రాసి లేదు,
ఆ కొండ వాళ్ళకి తప్ప ఎవరికీ తెలీదు.
ఫారం అడిగిన లక్షణాలన్నీ ఉన్నాయి.
గడే లేదు.

అడ్డాకులో కట్టిచ్చిన దుంప బస్సులో తిన్నాను.
చప్పగా, మెత్తగా, కడుపు నిండేలా ఉంది.
ఆఖర్ని నాలిక చివర సన్నగా చేదు.
ఆమె ఉంచిందో, నాదో.

ఆఫీసులో కాయితాలు తిప్పి
ఇరవై మూడు ఖాళీగా ఉందేమయ్యా అన్నారు.
లెక్క తేలలేదండీ అన్నాను.
అయితే సున్నా వెయ్యి.

ఆ రాత్రి నిచ్చెనేసి
అటక మీంచి కుంచం దించేను.
బయట లోతు కొలిచి, లోపలికి చెయ్యి పెట్టి చూసేను.
నాలుగు వేళ్ళే.
ఒక్క వేలు తక్కువున్నా బావుణ్ణు.