చుక్కల వరుస

కట్ట విప్పంగనే పొగ వాసన.
దేవరకొండ వడ్లోళ్ళ వాడలో
పొయ్యి మీది అటుక మీద ఎన్నేండ్లున్నదో.
"మంత్రాలేమో" అన్నడు ఆ ఇంటి పిలగాడు,
చేతులు లుంగీకి తుడుచుకుంట.

నా పని మసి పూసుడు.
దీపం మసి నిమ్మగడ్డి నూనెల కలిపి
ఆకంత రాసి, మళ్ళ తుడవాలె.
గంటం గీసిన కాడనే నలుపు నిలుస్తది.
రోజుకు నాలుగు వందల యాభై.
కూలి అని రాయరు, గౌరవ వేతనమంటరు.

మంత్రాలు కావు.
మూడో ఆకుల డంచనం లేచింది.
కోటల మీదికి బండలు ఇసిరే యంత్రమని సార్ చెప్పిండు.
ఆరు వందల ఏండ్ల కిందటి విద్య,
ఆకు అంత పాతది కాదు, నకలుకు నకలు.
మొదలు గీసినాయన కేతనోజు.
ఎన్ని చేతులు మారినా ఆ పేరు ఎవరూ తీసెయ్యలే.

ముప్పై మూరల దూలం
రెండు వేళ్ళ వెడల్పు ఆకుల ఎట్ల పట్టాలె?
తిన్నగ గీస్తే ఈనె వెంట ఆకు చీలుతది.
అందుకే వంచిండు.
మద్ది మాను అక్షరం లెక్క మెలి తిరిగింది.
ఎదురు బరువు తొట్టి, సున్న.
కొసకు యాలాడే వడిసెల, కొమ్ము.
యుద్ధమంత గుణింతమయి కూసున్నది.

పక్కన చీమలంత మనుషులు.
ఒకడు తాడు పట్టి ఎనకకు వాలిండు.
ఒకడు తొట్టి కింద.
వాని మీద మూడు మాటలు: "ఈ చోట నిలువరాదు."
కండ్లార చూసినోడే రాసి ఉంటడు.
ఇన్నోడైతే "జాగ్రత్త" అని ఊకుంటడు.

పదకొండో ఆకుల గోడ.
అతుకు మీద అతుకు పడకుండ పేర్చిన రాళ్ళు,
నడుమ అడ్డంగ చుక్కల వరుస.
"అలంకారం. ముత్యాల సరం" అని సార్ రాసుకున్నడు.

నా చెయ్యి ఆగింది.
మా నాయన ఓర్సు గంగులు
డిండి కాడి బండల మీద ముప్పై ఏండ్లు.
వరుసగ గుంతలు తొలిచి, చీలలు నిలిపి,
ఒక్కోదానికి ఒక్కో దెబ్బ. గట్టిగ కొట్టడు.
దెబ్బ దెబ్బకు చెవి పెడతడు.
టంగుమనే రాయి గొంతు బొంగురు పోయిందంటే
సమ్మెట కింద పెట్టి బీడీ ముట్టిస్తడు.
ఇగ రాయే చూసుకుంటది.

ముత్యాలు కావు సార్, అన్న.
గోడ ఏడ ఇచ్చుకుంటదో గీసి పెట్టిండు.
కట్టినోడే గీసిండు.

సార్ ఆకును చూసిండు, నన్ను చూసిండు.
ముత్యాలు కొట్టేసి "చీల గుంతలు" అని రాసి
పక్కన ప్రశ్న గుర్తు పెట్టిండు.
పెట్టనియ్యి.

పన్నెండో ఆకు లేదు.
పదకొండు ఎనక పదమూడు.
తాడు తెగలే, ఆకు చినగలే.
ఎవరో ముడి ఇప్పి, ఒక్కటే తీసుకొని,
మళ్ళ బుద్ధిగ ముడి ఏసిండ్రు.

రాత్రి నాయనకు చెప్పిన.
దగ్గు ఆగేదాక ఆగి అడిగిండు:
"చుక్కకు చుక్కకు ఎంత ఎడం? జానెడా, బెత్తెడా?"
కొలవలేదన్న.
"బెత్తెడైతే తొందర పని.
తెల్లారకముందే గోడ పడాలె.
జానెడైతే..."
మంచం పట్టె మీద చెయ్యి సాపిండు,
బొటనవేలు నుంచి చిటికెన వేలుకు,
మళ్ళ, మళ్ళ,
పట్టె అయిపోయిన కాడ ఆగిండు.
"రేపు కొలిచి రా."