పాలు పొంగిన చోట

సొసైటీ మేనేజరు తెచ్చిన కాగితం మీద ఒక బొమ్మ.
బొమ్మంటే మనిషి లేడు, చెట్టు లేదు, నెమలి లేదు.
నాలుగు నీలం గళ్లు, ఒక ఇటుకరంగు పట్టీ,
నడుమ ఎటూ కాని బూడిద.
"జర్మనీ ఆర్డరు. ఆరుకు నాలుగు. పదిహేను దినాలు"
అని, కుర్చీ ఏసినా కూసోకుండనే పోయిండు.

మా నాయిన చిలువేరు ఓదేలు
కాగితాన్ని మూడు దిక్కులు తిప్పి చూసి
"ఎవడో రంగుడబ్బ తన్నుకుంట పోయినట్టుంది" అన్నడు.
కొత్తవాడల ఆయన నేసిన జంపఖానాలన్నిటికీ
పైన ఏదో, కింద ఏదో తెలుస్తది.

వెనుక ఇంగ్లీషుల పద్నాలుగు వరుసలు.
డిగ్రీ రెండో ఏడు నాది, ఇంట్ల చదివేది నేనొక్కదాన్నే.
మగ్గం గుంట అంచున కూసుని
తెలుగు చేసి చెప్పిన:

పేరు హెడ్విగ్ రాస్కె.
ఉత్తరాన ఏదో సముద్రపు రేవు. తండ్రి తాళ్లు పేనేటోడు.
బొమ్మల బడిల ఆడపిల్లలను
వెనక గది దాకనే రానిచ్చేటోళ్లట.
పెళ్లి చేసుకున్నది చిత్రకారుణ్నే.
ఆయన మనుషులను గీస్తే
ఆ మనుషుల వెనక ఆకాశాలు, గోడలు, మధ్యాహ్నాలు
పదకొండేండ్లు ఈమె వేసింది.
కింద సంతకం ఆయనది.

అమ్మ కండెలు చుడుతున్నది.
రాట్నం ఒక్క చుట్టు ఆగి, మళ్ల తిరిగింది.

యుద్ధంల ఇల్లు కాలింది. మొగడు పోయిండు.
పిండి సంచులు చింపి, సాగదీసి
వంటింటి బల్ల మీద వేసుకున్నదట ఇరవై ఏండ్లు.
డెబ్బై ఒకటో ఏట మొదటి ప్రదర్శన.
రెండో దానికి ఆమె లేదు.

"పిల్లలున్నరా?" అమ్మ అడిగింది.
కాగితంల లేదు.
"ఎంతకు అమ్ముడువోయినయ్?"
అదీ లేదు.
ఆ నీలం సముద్రమా, ఆకాశమా, దుఃఖమా అని
పండితులు ఇంకా వాదులాడుతున్నరని మాత్రం ఉంది.

కాలేజీ లైబ్రరీల ఇటుకంత పుస్తకం తీసిన:
యూరపు చిత్రకారులు.
ఎవరు ఎవరితో తన్నుకున్నరో, ఎవరు ఏ ఊరిడిచి పారిస్ చేరిన్రో,
ఎవరి తాగుడు ఎన్నేండ్లో, అన్నీ ఉన్నయ్.
ఆమె మొగడు ఉన్నడు, రెండు పేజీలు.
ఆయన మనుషుల వెనక ఆమె ఆకాశం కూడ ఉంది, రంగులల్ల.
చివర పేర్ల పట్టికల వేలు పెట్టి వెతికిన.
ఆమె లేదు.

నీలం మూడుసార్లు తప్పింది నాయినకు.
నాలుగోసారి కాగుల తేలింది,
ఆజంజాహి మిల్లుల తాత తొడిగిన అంగీ
ఉతికి ఉతికి మిగిలిన రంగు.

మూడో గడిల గీత వంకర.
వేలెడంత జారి, మళ్ల దారిల పడ్డది.
"గిది సరిచేస్త" అన్నడు. పంజా పట్టిన నలబై ఏండ్ల చెయ్యి
వంకరను ఓర్వదు.
అమ్మ కండెల గంప పక్కన పెట్టి వచ్చి
ఆ చోట వేలు ఆనించింది.
"ఇక్కడ ఆమె లేచింది.
పాలు పొంగినయ్.
లేకుంటే ఎవరో తలుపు కొట్టిన్రు.
మళ్ల వచ్చి కూసునేసరికి చెయ్యి మరిచింది.
సరిచెయ్యకు."

నాయిన ఏమనలేదు.
ఆ ఒక్క గడికి మూడు దినాలు పట్టింది.
తప్పును ఉన్నదున్నట్టు నేసేందుకు లెక్క లేదు,
పోగుపోగుకూ ఆగి కాగితం చూసుకున్నడు.

మేనేజరు టేపు పరిచిండు.
"ఓదేలన్నా, లైను పోయింది. డిఫెక్టు."
కాగితం చూపించిన.
"జిరాక్సు జరిగి ఉంటది" అన్నడు.
రెండోది నిటారుగ, ఆరు దినాలల్ల.
అది ఓడెక్కింది. మూలకు కుట్టిన గుడ్డపేలిక మీద
హెడ్విగ్ రాస్కె, కింద చిన్నగ నాయిన పేరు.
కండెలు చుట్టిన చిలువేరు కొంరమ్మ పేరు
నేను సుత అడగలేదు ఆ దినం.

వంకరది మా ఇంట్లనే ఉంది, కూలి కోసుకున్నంక.
చుట్టాలొస్తే పరుస్తం.
మాట్లాడుకుంట మాట్లాడుకుంట ఎవరి వేలో
ఆ గీత కాడ ఆగుతది.
"తప్పు వడ్డదా?" అంటరు.
అమ్మ పొయ్యి కాడికెల్లి, ఇటు తిరగకుండనే,
"లేదు. పాలు పొంగినయ్."