ఏకార్ట్ బ్రెమర్, ఒక ఆదివారం

మద్రాసు, సాలిగ్రామం, ప్రివ్యూ థియేటరు. నవంబరు వాన.
బొంబాయి రైల్లోంచి దిగిన పది రేకు డబ్బాలు
తడి గోనెపట్టా కప్పుకుని మెట్ల మీద కూర్చున్నాయి.
సబ్‌టైటిళ్ళు లేవు.
"నువ్వు సాయంత్రాలు జర్మన్ నేర్చుకుంటున్నావుగా అమ్మాయ్,
చదివెయ్," అన్నారు సూరపరాజు గారు
భోజనం పొట్లాలు లెక్కపెడుతూ.

ఎదురుగా ఇరవై ఇద్దరు తెలుగు అసిస్టెంటు డైరెక్టర్లు,
క్లాపు బోర్డు సుద్ద వదలని వేళ్ళు,
ఆ వేళ్ళలో తలా ఒక సైక్లోస్టైలు కాగితం:
ఏకార్ట్ బ్రెమర్. దర్శకుడు, నిర్మాత.
మంచుకొండలవి మూడు, డిటెక్టివులవి పదకొండు,
డాన్సులవి, నవ్వులవి, పిల్లలవి,
ఓడరేవు మీద ఒకటి, పళ్ళపొడి మీద ఒకటి.
"మనవాడే!" అన్నాడు మార్కండేయులు.
"పొద్దున పౌరాణికం, మాపటికి దొంగా పోలీసు."

ముప్పై మూడుకీ నలభై అయిదుకీ మధ్య
కాగితం మీద ఉత్త అడ్డగీత.
ఆ గీతలోంచి కూడా ఒక డబ్బా
ఎవరో పొరపాటున పంపేశారు.

నేను డబ్బింగు మనిషిని.
హీరోయిన్ చెల్లెలికీ, బడిపిల్లాడికీ,
మంచం మీద చచ్చిపోయే ముసలమ్మకీ నా గొంతే.
ఆ పూట గజదొంగనయ్యాను,
మంచులో చిక్కుకున్న పెళ్ళికొడుకునీ
అతన్ని తిట్టే మామగారినీ నేనే.
ఏళుమలై రీలు మార్చే నిమిషంన్నరలో
ఒక గుక్క సోడా.

భోజనాల వేళకి ఆ డబ్బా ఎక్కింది. నలభై రెండు. నవ్వుల సినిమా.
కొత్త జంట అద్దె ఇల్లు వెతుక్కుంటోంది.
పియానో ఉన్న ఇల్లు, బీరువాలో పింగాణీతో సహా.
"ఇంత చవగ్గానా? పాతవాళ్ళేరీ?"
"ప్రయాణం వెళ్ళారు. చిరునామా ఇవ్వలేదు."

నా టైమింగుకి ఈ పేటలో మంచి పేరుంది.
చిన్న విరామం ఇచ్చి మరీ వదిలాను ఆ మాట.
హాలు ఘొల్లుమంది.
పొట్లం విప్పుతున్న సూరపరాజు గారితో సహా.
నేనూ నవ్వే ఉంటాను, మైకులోనే.
ఎవరూ రికార్డు చెయ్యలేదు కనక బతికిపోయాను.
మూడు డైలాగులు దాటాక అర్థమైంది.
అప్పటికి వాళ్ళు ఆ గదిలో
తివాచీ చుట్టేసి వాల్ట్జ్ ఆడుతున్నారు.

తర్వాతది నలభై ఎనిమిది.
అదే ఊరు, ఇటుకల కుప్ప.
ఇప్పుడు నిర్మాత కూడా తనే;
మామగారి గడియారాల కొట్టు తాకట్టు పెట్టాడని కాగితం చెప్పింది.
"మొదటి బొమ్మకి నావి రెండెకరాలు పోయాయి,"
సూరపరాజు గారికి కళ్ళు చెమర్చాయి.
నా గొంతు మాత్రం ఆ రీలంతా బొంగురు పోయింది.
జలుబనుకున్నారు.

రాత్రి, వాన కాస్త తెరిపిచ్చాక, మార్కండేయులు అడిగాడు:
"అన్నీ తీశాడు సరే అక్కా,
ఇది బ్రెమర్ బొమ్మ అని దేంతో పట్టుకోవడం?
ముద్ర ఏదీ?"

గోలీ సోడా గోలీని బొటనవేలితో నొక్కుతూ చెప్పాను:
ప్రతి బొమ్మలోనూ ఒక మనిషి ఉంది.
గుమ్మం పక్కన, ఎవరిదో కోటు చేతి మీద వేసుకుని.
మంచుకొండ హోటల్లో, పోలీసు ఠాణాలో,
ఆ చవక ఇంటి నడవాలో.
ఇటుకల కుప్ప దగ్గర గుమ్మమే లేదు,
అయినా నిలబడింది.
ఆమెకి ఒక్క మాట రాయలేదు అతను.
మీరు మాటలు వింటూ కూర్చున్నారు కనక చూడలేదు.
ఆమె వచ్చినప్పుడల్లా నాకు పని ఉండదు,
అందుకని చూశాను.

నడవాలో మాత్రం
ఆమె ఇటు తిరిగి నోరు తెరిచినట్టే అనిపించింది.
అప్పుడు మీరంతా నవ్వుతున్నారు.

ఏళుమలైని ఆ ఒక్క రీలు మళ్ళీ వెయ్యమన్నాను.
మూతలు బిగిస్తూ గోడ మీది గడియారం చూపించాడు.
థియేటరు అద్దె తొమ్మిదింటి దాకానే.